మా పాటల ఆల్బమ్‌కి కృతజ్ఞత కానుక

మా తమ్ముడి బృందం తీసిన మొదటి ఆల్బమ్ మీలో ఎవరూ విని ఉండరు. సికింద్రాబాద్ క్యాసెట్ల షాపుల్లో దాన్ని సినిమా పాటల పక్కనా పెట్టలేదు, భక్తి పాటల పక్కనా పెట్టలేదు. అటూ ఇటూ కానివన్నీ పడేసే అట్టపెట్టెలో వేశారు. ఈ మాట జాలి కోసం రాయడం లేదు. ఆ ఆల్బమ్ వచ్చినందుకు మా చర్చిలో, అందరి ముందూ, దేవుడికి వందనాలు చెప్పుకోవాలనుకున్నాను. వద్దన్నారు. ఆ గొడవ రాస్తున్నాను.

నేను బడికి వెళ్ళి చదువుకున్నదాన్ని కాదు. చిన్నప్పుడు కీళ్ళజ్వరం వచ్చి గుండె కాస్త దెబ్బతింది. మెట్లెక్కకూడదు, పరుగెత్తకూడదు అన్నారు డాక్టర్లు. మా అమ్మ పెళ్ళికి ముందు కాకినాడ వైపు మిషన్ స్కూల్లో టీచరు. "బడి నా దగ్గరే ఉంటే నిన్నెక్కడికి పంపను?" అని మల్కాజ్‌గిరిలో మా వంటింటి గడప దగ్గర కూర్చోబెట్టి అన్నీ తనే నేర్పింది. తెలుగు బైబిల్లో అక్షరాలు, నాన్న రైల్వే ఆఫీసు నుంచి తెచ్చే పాత టైంటేబుల్ పట్టుకుని లెక్కలు, హార్మోనియం మీద కీర్తనలు. చేతిలో సర్టిఫికెట్ మాత్రం ఒక్కటీ లేదు. ఆ రోజుల్లో మా కాలనీలో ఎవరు ఎదురుపడ్డా "ఏం చేశావమ్మా?" అని అడిగేవారు, ఏ కంప్యూటర్ కోర్సు చేశావని. "వంకాయ కూర చేశానండి" అనేదాన్ని. అంతటితో ఆగిపోయేవారు.

అమ్మ నేర్పినవాటిలో నాకు బాగా అంటుకున్నది కృతజ్ఞత కానుక. మా చర్చిలో ఇది అందరికీ ఉన్న అలవాటే. ఇంట్లో ఏదైనా మేలు జరిగితే ఒక కవరులో తోచింది పెట్టి, పైన ఎందుకో రాసి, ఆదివారం కానుకల సంచిలో వేస్తారు. అయ్యగారు వాటిని బల్ల దగ్గర నిలబడి ఒక్కొక్కటే పైకి చదువుతారు. అయ్యగారంటే మా పాస్టరుగారు. ఒక్కో కవరు చదవగానే సంఘమంతా "ఆమెన్" అంటుంది. పుట్టినరోజుకి వేస్తారు, పరీక్ష పాసైతే వేస్తారు, ఆపరేషన్ బాగా జరిగితే వేస్తారు. నేను అన్నింటికీ వేసేదాన్ని. గ్యాస్ కనెక్షన్ వచ్చినందుకు. బోరులో నీళ్ళు పడినందుకు. ఒకసారి, రైల్లో పోగొట్టుకున్న గొడుగు దొరికినందుకు. అది చదివేటప్పుడు అయ్యగారికే నవ్వు ఆగలేదు. వెనక బెంచీల్లో కుర్రాళ్ళు "గొడుగుకి ఆమెన్!" అని అరిచారు. నేనేం చిన్నబుచ్చుకోలేదు. "దేవుడికి తెలీదని కాదే, నువ్వు మర్చిపోకూడదని. దేనికో పేరు పెట్టి చెప్పు" అనేది అమ్మ. అమ్మ పోయాక, నాన్న పోయాక, ఇంట్లో నేనూ తమ్ముడూ మిగిలాం. ఆ కవర్లు మాత్రం మానలేదు.

తమ్ముడికి బేగంపేటలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. సోమవారం నుంచి శుక్రవారం దాకా కంపెనీవాడు, శనివారం గిటారువాడు. ఆఫీసు స్నేహితులిద్దరు, ఒకరు కీబోర్డు, ఒకరు బేస్ గిటారు. డ్రమ్ములు వాయించేవాడిది బోయిగూడ. వాళ్ళ నాన్నకి కర్రల డిపో ఉండేది. వాడు చిన్నప్పట్నించి ఆ దుంగల మీద వాయించే నేర్చుకున్నాడట. నలుగురూ మా ముందుగదిలో మంచం నిలబెట్టేసి వాయించేవారు. పాప్ రాక్ అని తమ్ముడు చెప్పాడు. నాకు దాని పేరు అక్కర్లేదు, ఇల్లు మళ్ళీ మనుషులతో నిండింది. దానికీ ఒక కవరు వేశాను. "ఇంట్లో సందడి ఇచ్చినందుకు" అని రాస్తే అయ్యగారు చదివారు, అందరూ ఆమెన్ అన్నారు. పక్కింటివాళ్ళు కూడా మా చర్చే. వాళ్ళు మాత్రం అనలేదు.

నా పాట సంగతి. ఒకరోజు మధ్యాహ్నం మల్కాజ్‌గిరి స్టేషన్లో లోకల్ కోసం చాలాసేపు కూర్చున్నాను. ప్లాట్‌ఫారం మీద ఇంకెవరూ లేరు. ఫ్యాను తిరుగుతూనే ఉంది. ఇంటికొచ్చి అన్నం వారుస్తూ రెండు మాటలు కట్టుకుని పాడుకుంటున్నాను.

ఎవరూ లేని స్టేషన్లో ఫ్యాను తిరుగుతోంది
నాకోసమే అనుకుని కాసేపు కూర్చున్నాను

డ్రమ్ములవాడు టీ గ్లాసుల కోసం వచ్చి విన్నాడు. "గిదేందక్కా! లవ్వు లేదు, దుఃఖం లేదు, ఫ్యాను మీద పాటనా?"

"ఫ్యాను మీద కాదురా, ఫ్యాను కింద."

వాడు అక్కడే వంటింటి గట్టు మీద వేళ్ళతో వాయించడం షురూ చేశాడు. తమ్ముడొచ్చి గుమ్మంలో నిలబడి విన్నాడు. మరుసటి శనివారానికి దానికి గిటారు వచ్చేసింది. ఆల్బమ్‌లో వేస్తానన్నాడు. వాళ్ళ ఆఫీసులో పాటలు నేర్చుకున్న అమ్మాయి ఉంది కదా, తనతో పాడించమన్నాను. "ఆ అమ్మాయి బాగా పాడుతుందక్కా. కానీ ఆ స్టేషన్లో కూర్చున్నది నువ్వు" అన్నాడు. తమ్ముడు నన్ను మెచ్చుకోవడం నాకు తెలిసి అదే మొదలు.

స్టూడియో సైనిక్‌పురిలో. మిలిటరీలో చేసి రిటైరైన ఒకాయన ఇంటి వెనక కారు షెడ్డుని గోడలనిండా బొంతలు కొట్టి స్టూడియో చేశారు. నేను మైకు ముందుకెళ్ళి, అలవాటు ప్రకారం కొంగు తలమీదుగా కప్పుకుని నిలబడ్డాను. మాలో ప్రార్థనకైనా పాటకైనా ఆడవాళ్ళం తల కప్పుకుంటాం. కొంగు మీద హెడ్‌ఫోన్ పెడితే జారిపోయింది. మళ్ళీ పెట్టాను, మళ్ళీ జారింది. అద్దం అవతల రికార్డింగు చేసే అబ్బాయి ఓపికగా చూశాడు.

"మేడమ్, ఆ కొంగు తీసేస్తే అయిపోతుంది కదా."

"తీసి పాడనండీ."

"ఇది చర్చి పాట కాదు కదా మేడమ్, ఫ్యాను పాట."

"పాటే కదండీ."

అతను తల గోక్కున్నాడు. ఇంకో తక్లీఫ్ కూడా ఉందన్నాడు. నా చీర సిల్కుది, తల కదిలించినప్పుడల్లా గరగరమని మైకులోకి వెళుతోందట. మంచి రోజని పెట్టె అడుగు నుంచి తీసి కట్టుకున్న చీర అది. ఆ పూటకి పాట ఆగిపోయింది. తమ్ముడి మొహం చూడలేకపోయాను. డ్రమ్ములవాడు మాత్రం, "పరేషాన్ గాకు అక్కా, బండ్ల పోయి వస్త" అని మల్కాజ్‌గిరి దాకా వెళ్ళి దండెం మీద ఆరేసిన నా నేతచీర, ఉతికి ఉతికి మెత్తబడ్డది, పట్టుకొచ్చాడు. అది కట్టుకుని, తల కప్పుకుని, హెడ్‌ఫోన్‌ని తలమీద కాకుండా గడ్డం కిందుగా తిప్పి కొంగులోపల పెట్టుకున్నాను. అబ్బాయి అద్దం అవతల నుంచి బొటనవేలెత్తి చూపించాడు. పాడాను. ఆల్బమ్‌లో ఉన్నది అదే.

క్యాసెట్ అట్ట మీద నలుగురి ఫోటో. లోపల చిన్న అక్షరాల్లో నా పేరు. తమ్ముడు పెట్టెలు ఆటోలో దించి, ఒకటి విప్పి నా చేతిలో పెట్టి, "చూస్కో" అని లోపలికెళ్ళిపోయాడు. ఆ సాయంత్రమే కవరు రాశాను. మా తమ్ముడు, అతని ముగ్గురు స్నేహితులు చేసిన మొదటి పాటల ఆల్బమ్ బయటికొచ్చినందుకు, అందులో నాకూ ఒక పాట ఇచ్చినందుకు. నలుగురి పేర్లూ రాశాను. నా పేరు చివర రాశాను.

ఆదివారం అయ్యగారు కవర్లు చదువుతున్నారు. ఒకరికి ఉద్యోగం. ఒకరికి వీసా. ఒకరికి కొత్త స్కూటరు. నా కవరు నేను గుర్తుపట్టాను, వాటి మధ్యలో ఉంది. అయ్యగారు తీశారు, చూశారు, పక్కన కూర్చున్న సంఘ కమిటీ సెక్రటరీగారి వైపు ఒకసారి చూశారు, దాన్ని అడుగున పెట్టి తర్వాతది చదివారు. నాకు చెవులు వేడెక్కాయి.

ఆరాధన అయ్యాక సెక్రటరీగారు నా దగ్గరికొచ్చారు. అంకుల్ అని పిలిచేవాళ్ళం. పెద్ద ఆఫీసులో పనిచేసి రిటైరయ్యారు, మా నాన్నకి తెలిసినాయనే. కవరు తిరిగి నా చేతిలో పెట్టబోయారు.

"ఇది తీసుకోమ్మాయ్."

"ఎందుకంకుల్?"

"చదవడానికి బాగుండదు. రాక్ మ్యూజిక్కేంటి, చర్చిలో ఆమెన్ ఏంటి? పైగా అందులో ఇద్దరు మనవాళ్ళు కూడా కారు."

"పోయినేడు ఇండియా మ్యాచ్ గెలిచినందుకు చదివారు కదండీ. ఆ పదకొండుమందిలో మనవాళ్ళెంతమంది?"

ఆయన పక్కనున్నవాళ్ళు నవ్వారు. అది ఆయనకి గుచ్చుకుంది. నేను గుచ్చాలని అనలేదు, నిజంగానే అడిగాను. కవరు మాత్రం తీసుకోలేదు. దేవుడికిచ్చింది ఇంటికి మోసుకెళ్ళే అలవాటు మా ఇంట్లో లేదు.

ఆ వారంలో ఆయన ఇంటికొచ్చారు. శనివారం కావడంతో నలుగురూ ఉన్నారు. కుర్చీ వేశాను, టీ ఇచ్చాను. ఆయన మంచిగానే మాట్లాడారు. "ఒక పని చెయ్యమ్మాయ్. కొత్త కవరు రాయి. 'తలపెట్టిన పని సఫలమైనందుకు' అని. లేదా 'కుటుంబ క్షేమం కోసం' అని. అయ్యగారు చదువుతారు, ఆమెన్ అంటాం. నీకూ తృప్తి, మాకూ ఇబ్బంది లేదు. అందరూ అలా రాసేవే కదా సగం."

నిజమే. సగం కవర్ల మీద అలాగే ఉంటుంది. ఎవరింట్లో ఏం జరిగిందో చెప్పుకోలేక అలా రాస్తారు. వాళ్ళని నేనేమీ అనను. కానీ నాకు చెప్పుకోలేనిదేముంది?

"మా పని సఫలమైందో లేదో నాకు తెలీదంకుల్. ఆల్బమ్ వచ్చింది. అంతవరకే రాశాను. లేనిది ఎలా రాస్తాను?"

"ఆ పాటలో దేవుడి పేరుందా?"

"లేదండీ. గొడుగులోనూ లేదు."

డ్రమ్ములవాడికి నవ్వాగలేదు. "సార్, నా పేరు తోనే తక్లీఫ్ అయితే కొట్టేయుండ్రి. నేను సుత ఆమెన్ అంటా, జెర నేర్పుండ్రి."

సెక్రటరీగారు టీ సగంలో పెట్టేసి లేచారు. తమ్ముడు గేటుదాకా సాగనంపి వచ్చి నా మీద పడ్డాడు. "ఎందుకక్కా పట్టుదల? చదవకపోతే ఏం? అందరి ముందూ నా పరువు తియ్యకు."

"నీ పరువు కాదురా, నా వందనం."

తర్వాతి ఆదివారం ఇంకో కవరు మీద అవే మాటలు రాసి మళ్ళీ వేశాను. అయ్యగారు మళ్ళీ అడుగున పెట్టారు. ఆ పై ఆదివారమూ అంతే. అడుగున పెట్టేటప్పుడు అయ్యగారు నా వైపు చూడకుండా జాగ్రత్తపడేవారు. ఆయన చెడ్డవారు కాదు. కమిటీ వద్దన్నది చెయ్యడం ఆయన వల్ల కాదు. ఆడవాళ్ళ వైపు బెంచీల్లో గుసగుసలు మొదలయ్యాయి. "ఇవాళైనా చదువుతారంటావా?" అని నా వెనక కూర్చునే ముసలావిడ ప్రతి వారం పైకే అడిగేది. ఆవిడకి చెవుడు, తన గొంతు ఎంత పెద్దదో తనకి తెలీదు.

ఇంతలో ఊళ్ళో గాలి మారింది. అమీర్‌పేటలో రాత్రికి రాత్రే వెలిసిన కంప్యూటర్ కోర్సుల బోర్డులు అలాగే దిగిపోయాయి. కంపెనీలు మనుషుల్ని పంపించేశాయి. కీబోర్డు అబ్బాయి పూణే వెళ్ళిపోయాడు. తమ్ముణ్ణి కొన్నాళ్ళు పని ఇవ్వకుండా ఊరికే కూర్చోబెట్టి, తర్వాత రావద్దన్నారు. షాపులవాళ్ళు క్యాసెట్లు వెనక్కి పంపేశారు. తమ్ముడు ఆ పెట్టెలు మంచం కిందికి తోసి, "ఇక దీని ఊసెత్తకు" అన్నాడు. గిటారుకి దుప్పటి కప్పాడు. పొద్దున్న తలుపేసుకుంటే మధ్యాహ్నం భోజనానికి తీసేవాడు. ఆదివారం చర్చికి రావడం మానేశాడు. అడిగితే, "అందరూ ఉద్యోగం గురించి అడుగుతారు, లేకపోతే ఆల్బమ్ గురించి అడుగుతారు. రెండూ లేవు" అన్నాడు.

ఆ మాట నాకు సూదిలా దిగింది. రెండూ లేవంటాడేంటి? ఉద్యోగం పోయింది, సరే. ఆల్బమ్ ఉంది కదా! మంచం కింద, పెట్టెల్లో, చేత్తో పట్టుకునేలా ఉంది. పాడిన గొంతులు అందులో ఉన్నాయి. ఎవరూ కొనకపోతే పుట్టనట్టేనా?

సెక్రటరీగారు కూడా అదే మాటన్నారు, చర్చి గేటు దగ్గర, ఓదార్పుగానే. "పాపం, అమ్ముడుపోలేదట కదమ్మాయ్. ఇంకా ఆ కవరెందుకు? ఇంక కృతజ్ఞత చెప్పడానికి ఏముంది?"

అప్పటిదాకా నాలో కాస్త మెత్తదనం మిగిలి ఉంది. వేస్తూ ఉందాం, ఎప్పటికో చదువుతారులే అనుకునేదాన్ని. ఆ మాటతో అది పోయింది. అమ్ముడుపోతే చెప్పే వందనం షాపువాడికి చెప్పుకోవాలి. నేను చెప్పాలనుకున్నది వేరే.

ఆ ఆదివారం కవరు వెయ్యలేదు. మా చర్చిలో కానుకల తర్వాత సాక్ష్యాలకని కాసేపు వదులుతారు. ఎవరైనా లేచి తమకు జరిగిన మేలు చెప్పవచ్చు. ఎక్కువగా మగవాళ్ళు చెబుతారు. నేను ఏనాడూ లేవలేదు, ఆదివారాలు ముందు నిలబడి కీర్తనలు ఎత్తుకోవడానికి తప్ప అందరి ముందు నోరు తెరిచినదాన్ని కాదు. "ఎవరైనా ఉన్నారా?" అని అయ్యగారు అడగగానే లేచాను. ముందు బెంచీ పట్టుకున్నాను.

"కూర్చోమ్మాయ్, టైమైపోయింది" అన్నారు సెక్రటరీగారు.

"ఒక్క మాటేనండీ."

"తర్వాత మాట్లాడుకుందాం."

"మీతో కాదంకుల్."

చెప్పాను. మా తమ్ముడు పాటల ఆల్బమ్ చేశాడని, దానికి తనతో కలిసి పనిచేసినవాళ్ళు ఫలానావాళ్ళని, నలుగురి పేర్లూ ఒక్కొక్కటే, ఇంటిపేర్లతో సహా. బోయిగూడవాడి పేరు దగ్గర ఇంకాస్త గట్టిగా చెప్పాను. అది ఎవరూ కొనలేదని చెప్పాను. తమ్ముడికి ఉద్యోగం పోయిందని కూడా చెప్పాను. "అయినా అది ఉంది. దాన్ని చెయ్యగలిగే చేతులు వాళ్ళకిచ్చినందుకు, ఆ శనివారాలు మా ఇంటికిచ్చినందుకు దేవుడికి వందనాలు. నన్ను అందులో పాడనిచ్చినందుకు వందనాలు. సఫలమైనందుకు కాదు. జరిగినందుకు." అని కూర్చున్నాను.

ఆమెన్ రాలేదు. అయ్యగారు పుస్తకం వైపు చూస్తున్నారు. నేను కొంగు లాక్కుని తల వంచుకోలేదు, ఎదురుగానే చూస్తూ కూర్చున్నాను. వెనక నుంచి చెవిటావిడ "ఏమందీ? ఏమందీ?" అంటోంది. పక్కనున్న పిల్ల ఆవిడ చెవిలో అరిచి చెప్పింది. ఆవిడ "ఆమెన్" అంది, గోడలదిరేలా. ఆ తర్వాత ఆడవాళ్ళ వైపు నుంచి కొన్ని. మగవాళ్ళ వైపు నుంచి ఒకటో రెండో. చివర్న అయ్యగారు, లోగొంతుతో. సెక్రటరీగారు అనలేదు.

బయటికొస్తుంటే ఆయన ఆగి, "వచ్చే వారం నుంచి పాటలకి వేరే అమ్మాయి నిలబడుతుంది. కమిటీ నిర్ణయం" అన్నారు. ఇంతకుముందే నిర్ణయించారో, అప్పటికప్పుడు చేశారో అడగలేదు. "అలాగేనండీ. బెంచీలో కూర్చుని పాడతాను" అన్నాను. అలాగే పాడాను, చాలాకాలం. అక్కడ కూడా గొంతు వినిపిస్తుంది.

ఇంటికొచ్చేసరికి తమ్ముడు తలుపు తీసుకుని గుమ్మంలోనే ఉన్నాడు. ఎవరో అప్పుడే ఫోన్ చేసేశారు.

"నిన్నెవరు చెప్పమన్నారు? నా ఉద్యోగం సంగతి కూడా చెప్పావట?"

"చెప్పాను."

"ఎవరడిగారు నిన్ను?"

"ఎవరూ అడగలేదు. ఎన్ని వారాలు చూస్తాను?"

విసురుగా లోపలికెళ్ళాడు. నేను కాళ్ళు కడుక్కుని, చారు వేడిచేసి, కంచం పెట్టాను. కాసేపటికి వచ్చి కూర్చున్నాడు. నా మొహం చూడకుండా అన్నం కలుపుకున్నాడు. సగం తిన్నాక ఆగాడు.

"అసలేమన్నావు?"

చెప్పాను, అక్కడ చెప్పినట్టే.

"వాడి పేరు కూడా చెప్పావా? బోయిగూడవాడిది?"

"ఇంటిపేరుతో."

నేను మజ్జిగ పోశాను.

"ఆమెన్ అన్నారా?" అన్నాడు.

"కొంతమంది అన్నారు."

"ఎవరెవరు?"

పీట దగ్గరికి లాక్కుని కూర్చుని, చెవిటావిడ దగ్గర్నుంచి మొదలుపెట్టాను.